పత్రిక ఎవరిది? కాచిగూడ నుంచి తార్నాక దాకా

కాచిగూడ స్టేషన్‌లో సికింద్రాబాద్ వైపు పోయే ఎంఎంటీఎస్ ఎక్కితే విద్యానగర్, జామై ఉస్మానియా, ఆర్ట్స్ కాలేజీ, సీతాఫల్‌మండి వరసగా వస్తాయి. తార్నాకకు పోవడానికి మెట్రో సుఖం, సిటీ బస్సు ఇంకా చవక. అయినా కాచిగూడ నుంచే బయల్దేరాలని పట్టుబట్టాను. ఒక పత్రిక ఎవరిది అన్న ప్రశ్నకు ఈ నగరంలో ఒక మనిషి ప్రాణం పెట్టింది ఈ గల్లీల్లోనే.

1948 ఆగస్టు 21 అర్ధరాత్రి. షోయబుల్లాఖాన్ ఇమ్రోజ్ ఉర్దూ దినపత్రిక పని ముగించుకుని ఇంటికి నడిచి వస్తున్నాడు. వెంట బావమరిది ఇస్మాయిల్ ఖాన్ ఉన్నాడు. దారికాచినవాళ్లు కాల్చారు, కత్తులతో చేతులు నరికారు. తెల్లారేసరికి ఆయన లేడు. ముప్పై ఏళ్లు కూడా నిండలేదు. హైదరాబాద్ సంస్థానం భారత యూనియన్‌లో కలవాలని రాసినందుకు, అలా కోరిన ముస్లిం పెద్దల విజ్ఞప్తిని అచ్చువేసినందుకు రజాకార్లు తీర్చుకున్న కక్ష అది. ఇంకొక నెల రోజులు గడవకముందే భారత సైన్యం నగరంలోకి వచ్చింది.

ఈ కథ చాలామందికి తెలుసు. ఈ కథలో మనం ఆగకుండా దాటిపోయే భాగం ఒకటుంది. ఉస్మానియాలో చదివి బయటికొచ్చిన షోయబ్ మొదట తేజ్ అనే ఉర్దూ వారపత్రికలో పనిచేశాడు. ప్రభుత్వం దాన్ని మూయించింది. తర్వాత మందుముల నర్సింగరావు నడిపే రయ్యత్‌లో చేరాడు. రయ్యత్‌నూ బతకనివ్వలేదు. అప్పుడు బూర్గుల రామకృష్ణారావు వంటి పెద్దల అండతో 1947 నవంబరులో ఇమ్రోజ్ పెట్టాడు. ఇంట్లో ఆడవాళ్ల నగలు కూడా అందులోకే పోయాయని చెబుతారు. వేరొకరి పత్రికలో రాసేవాడికి ఆ పత్రిక మూతపడిన రోజున మిగిలేది కలం ఒక్కటే. అచ్చు యంత్రం, సీసపు అక్షరాలు, కాగితం, సర్కారు ఇచ్చిన అనుమతి అన్నీ ఇంకొకరి పేరు మీద ఉంటాయి. రెండుసార్లు అలా రోడ్డున పడ్డవాడు మూడోసారి పత్రికను తన పేరు మీద పెట్టుకున్నాడు. ఇక పత్రికను ఆపాలంటే యజమానిని బెదిరిస్తే చాలదు, యజమానే సంపాదకుడు. అతన్నే తీసేయాలి. వాళ్లు ఆ పనే చేశారు.

జామై ఉస్మానియా స్టేషన్‌లో దిగాను. ఇక్కడ దిగే వాళ్లలో విద్యార్థులు కొందరు, జాతీయ పోషకాహార సంస్థకు పోయేవాళ్లు కొందరు. పట్టాలు దాటి క్యాంపస్‌లోకి నడిస్తే నగరపు హోరు సగం తగ్గుతుంది. చెట్లు, ఎర్రమట్టి, అక్కడక్కడ ఇంకా బద్దలు కొట్టని బండరాళ్లు. అడిక్‌మెట్ గుట్టల మీద విశాలంగా పరిచిన ఈ ప్రాంగణానికి ఎంత వేళ్లూనిన చరిత్ర ఉన్నా, విశ్వవిద్యాలయం పుట్టింది మాత్రం ఇక్కడ కాదు. 1918లో స్థాపించి, 1919లో గన్‌ఫౌండ్రీ దగ్గరి ఇళ్లలో తరగతులు మొదలుపెట్టారు. ఆర్ట్స్ కాలేజీకి 1934లో పునాదిరాయి వేశారు, 1939 డిసెంబరు 4న తెరిచారు. బెల్జియం వాస్తుశిల్పి జాస్పర్ గీసిన ఆ గులాబీ రాతి భవనం ముందు నిలబడితే మెడ వెనక్కి వంచకుండా పైఅంచు కనబడదు.

ఆ రోజుల్లో ఇక్కడ చదువంతా ఉర్దూలో. వైద్యం, ఇంజనీరింగు, న్యాయశాస్త్రం కూడా. ఒక దేశభాషలో ఉన్నత విద్య చెప్పవచ్చని దేశానికి చూపించిన విశ్వవిద్యాలయం ఇది, ఆ గౌరవం దానికి దక్కాలి. కానీ సంస్థానంలో ఎక్కువమంది ఇళ్లలో మాట్లాడేది తెలుగు. రాయప్రోలు సుబ్బారావు ఆచార్యులుగా ఉన్న తెలుగు శాఖను మినహాయిస్తే, క్యాంపస్‌లో తెలుగుకు చోటు తక్కువ. కచేరీలోనూ తక్కువే. తెలుగువాడు తన భాషలో లోకవార్త చదువుకోవాలంటే మచిలీపట్నం నుంచి కృష్ణాపత్రిక రావాలి, మద్రాసు నుంచి ఆంధ్రపత్రిక రావాలి. అవి సరిహద్దు దాటనిస్తారా లేదా అన్నది ఇంకో సంగతి. ఈ నేపథ్యం గుర్తుంచుకుంటేగాని హైదరాబాద్‌లో ఒక చిన్న తెలుగు పత్రిక ఎంత పెద్ద పనో అర్థం కాదు.

ఆర్ట్స్ కాలేజీ మెట్ల మీద పోటీ పరీక్షలకు చదువుకునే పిల్లలు వరసలు కట్టి కూర్చున్నారు. ఒకబ్బాయి ఒళ్లో రెండు దినపత్రికలు పరిచి, కరెంట్ అఫైర్స్ కోసం గీతలు గీస్తున్నాడు.

"తమ్మీ, ఈ పేపర్ ఎవరిదో తెలుసా?" అని అడిగాను.

"ఎందుకు తెల్వదు సార్. ఇది ఆ పార్టోళ్లది, అది ఈ పార్టోళ్లది. రెండు సదివితె నడిమిట్ల నిజం దొరుకుతది," అన్నాడు తల ఎత్తకుండానే.

నాకు ముచ్చటేసింది. జర్నలిజం పాఠాల్లో నెలల తరబడి చెప్పే విషయాన్ని ఆ పిల్లవాడు పరీక్ష గైడు పక్కన పెట్టుకుని ఒక్క మాటలో చెప్పేశాడు. పెద్ద పత్రికల యజమానులు ఇవాళ ఎవరికీ రహస్యం కాదు. వాళ్ల పేర్లు ఎన్నికల పోస్టర్లలో, సినిమా టైటిళ్లలో, చిట్‌ఫండ్ బోర్డుల మీద కూడా కనబడతాయి. చీకట్లో ఉండేది చిన్న పత్రికల సంగతే. జిల్లా వారపత్రిక, కాలనీ పక్షపత్రిక ఎవరు పెట్టారు, ఏ డబ్బుతో పెట్టారు, ఎందుకు ఆపేశారు? వీటికి చరిత్ర రాసేవాళ్లు దాదాపు లేరు.

కాలేజీకి కొంచెం దూరంలోనే జర్నలిజం శాఖ ఉంది. 1954లో మొదలైంది, డి ఫారెస్ట్ ఓడెల్ అనే అమెరికన్ ఆచార్యుడు దానికి తొలి సారథి. దక్షిణాదిలో పత్రికారచనను విశ్వవిద్యాలయ చదువుగా చేసిన తొలితరం శాఖల్లో ఇదొకటి. ఇక్కడి విద్యార్థులు ఉస్మానియా కొరియర్ పేరుతో ప్రయోగ పత్రిక తెచ్చేవారు. హాస్టల్ మెస్, పరీక్ష ఫలితాలు, ఆచార్యుల నియామకాలు, చుట్టుపక్కల బస్తీల నీటి కష్టం లాంటివే ఇలాంటి పత్రికలకు దొరికే వార్తలు. ప్రయోగ పత్రికకు యజమాని విశ్వవిద్యాలయమే. అచ్చు ఖర్చు విశ్వవిద్యాలయానిది, విలేకరి కూడా దాని విద్యార్థే. మెస్‌లో పప్పు నీళ్లలా ఉందని రాయాలనుకున్న పిల్లవాడు, ఆ మెస్ నడిపేదీ తన పత్రిక నడిపేదీ ఒకటే సంస్థ అని మొదటి వారంలోనే తెలుసుకుంటాడు. పత్రికా యాజమాన్యం గురించి అంతకంటే మంచి పాఠం తరగతి గదిలో దొరకదని నా నమ్మకం.

లైబ్రరీ వైపు నీడలో కాసేపు కూర్చున్నాను. నేను బయల్దేరింది గోలకొండ పత్రిక కోసం. ఇక దాని సంగతి తీరిగ్గా చెప్పాలి.

దానికంటే ముందు రెండు వారపత్రికలు ఉన్నాయి. 1922 ఆగస్టులో కొద్ది రోజుల తేడాతో నల్లగొండలో నీలగిరి పత్రిక, వరంగల్ ప్రాంతంలోని ఇనుగుర్తిలో తెనుగు పత్రిక పుట్టాయి. నీలగిరి పత్రికను షబ్నవీసు వెంకటరామనరసింహారావు నడిపారు. తెనుగు పత్రిక ఒద్దిరాజు సోదరులది: అన్న సీతారామచంద్రరావు, తమ్ముడు రాఘవరంగారావు. ఇనుగుర్తి పల్లెటూరు. ఆ ఊళ్లో అన్నదమ్ములిద్దరూ సొంతంగా ప్రెస్సు పెట్టుకుని, తామే రాసి, తామే అక్షరాలు కూర్చి, తామే అచ్చువేశారు. యజమాని, సంపాదకుడు, కంపోజిటర్, ప్రూఫ్‌రీడర్ అన్నీ ఆ ఇంట్లోవాళ్లే. ఇంతకంటే స్వతంత్రమైన పత్రిక ఉంటుందా? ఉండదు. అంతకంటే సులువుగా అలసిపోయే పత్రిక కూడా ఉండదు. ఇంటి పెద్ద జబ్బుపడితే సంచిక ఆగిపోతుంది, పంట పోతే కాగితం రాదు. రెండు పత్రికలూ ఎక్కువ కాలం నిలవలేదు.

నాలుగేళ్ల తర్వాత 1926 మే 10న హైదరాబాద్‌లో గోలకొండ పత్రిక తొలి సంచిక వచ్చింది. వారానికి రెండుసార్లు వచ్చేది. సంపాదకుడు సురవరం ప్రతాపరెడ్డి. పాలమూరు ప్రాంతపు ఇటిక్యాలపాడు ఆయన ఊరు. పత్రిక పెట్టేనాటికి 30 ఏళ్లు నిండుతున్నాయి. న్యాయశాస్త్రం చదివినా వకాలతులో నిలవకుండా రెడ్డి హాస్టల్ బాధ్యత నెత్తికెత్తుకున్నారు. ఆయన్ను ఆ హాస్టల్‌కు రప్పించింది, పత్రికకు వెన్నుగా నిలబడింది రాజా బహద్దూర్ వెంకట్రామారెడ్డి.

వెంకట్రామారెడ్డి గారు 1920 నుంచి 1934 దాకా హైదరాబాద్ నగర కొత్వాల్. అంటే పోలీసు పెద్ద. నిజాం కొలువులో ఆ పదవి చేపట్టిన తొలి హిందువు. సభ పెట్టాలన్నా ముందు అనుమతి తీసుకోవాలని గస్తీ నిశాన్ 53 శాసించిన రాజ్యం అది. పత్రిక పెట్టడానికీ సర్కారు ఒప్పుకోవాలి. ఆ రాజ్యంలో తెలుగువాళ్ల గొంతు అనిపించుకున్న పత్రిక, ఆ రాజ్యపు కొత్వాలు చల్లని నీడలో పుట్టింది. ఈ విషయాన్ని మన చరిత్రలు ఒక వాక్యంలో చెప్పేసి ముందుకు పోతాయి. నాకు మాత్రం గోలకొండ పత్రికను అర్థం చేసుకునే తాళంచెవి ఇక్కడే ఉందనిపిస్తుంది. దాని ధైర్యానికి హద్దు ఎక్కడుందో, ఆ హద్దు దాకా అంత నిబ్బరంగా ఎలా పోగలిగిందో, రెండింటికీ జవాబు ఇదే. కొత్వాలు గారి పలుకుబడి లేకపోతే మొదటి ఏడాదిలోనే దాని గొంతు నులిమేసేవారు. కొత్వాలు గారి మర్యాద గుర్తుంచుకోవాలి గనుక కొన్ని మాటలు గొంతులోనే ఆగేవి.

ఆ ఇరుకులో ప్రతాపరెడ్డి చేసిన పని చూస్తే చేతులెత్తి మొక్కాలనిపిస్తుంది. మొదటి రోజుల్లో సంపాదకీయం ఆయనే, వార్తల అనువాదం ఆయనే, ప్రూఫులు ఆయనే, చిరునామాలు రాసి టపాకు పంపడం కూడా ఆయనే. రకరకాల కలంపేర్లతో తానే పదిమందై రాశారు. సంపాదకీయాలు ముందుగా చూపించి అనుమతి తీసుకోవాలని సర్కారు ఆంక్ష పెట్టినప్పుడు, సంపాదకీయం జాగాలో ప్రపంచంలోని మహనీయుల సూక్తులు అచ్చువేశారని చెబుతారు. పాఠకుడికి ఆ సూక్తి ఎవరికి తగులుతుందో తెలుసు, సర్కారుకూ తెలుసు, కానీ అందులో కేసు పెట్టే మాట లేదు.

తెలంగాణలో తెలుగు కవులే లేరని ఒకరు రాసినప్పుడు ఆయన కోప్పడి వ్యాసం రాసి ఊరుకోలేదు. ఊరూరికీ ఉత్తరాలు పంపి, పద్యాలు తెప్పించి 1934లో గోలకొండ కవుల సంచిక వేశారు. 354 మంది కవులు. ఒక పత్రికకు చందాదారుల జాబితా, టపా చిరునామాలు, ఊరూరా తెలిసిన మనుషులు ఉంటేనే అలాంటి పని సాధ్యం. గోలకొండ పత్రికకు నిజమైన ఆస్తి ఆ చిరునామాల పుస్తకమే. ప్రెస్సు యంత్రం అమ్మవచ్చు, భవనం అద్దెకివ్వవచ్చు. ఏ ఊళ్లో ఎవరు పద్యం రాస్తారో తెలిసిన జ్ఞానం ఏ దస్తావేజులోనూ రిజిస్టరు కాదు.

ఇంత చేసిన మనిషి ఆ పత్రికకు యజమానా? ఇప్పటికీ సురవరం పేరు వింటే గోలకొండ పత్రిక, గోలకొండ పత్రిక పేరు వింటే సురవరం గుర్తొస్తారు. కానీ దాని పెట్టుబడి ఒక వర్గం పెద్దలు కలిసి సమకూర్చింది. పలుకుబడీ డబ్బూ వాళ్లవి, శ్రమా పేరూ ఆయనవి. అలాంటి ఏర్పాటు సాఫీగా సాగినంతకాలం ఎవరూ ఎవరిది ఏమిటని అడగరు. కాలం మారినప్పుడు ప్రశ్న బయటికొస్తుంది. 1944లో భువనగిరి సభ దగ్గర, సంస్థానంలోని తెలుగువాళ్ల సంస్థ ఆంధ్రమహాసభ చీలింది. వెట్టిచాకిరీ, కౌలు, భూమి అన్న మాటలు ఊళ్లలో మార్మోగాయి. భూములున్న పెద్దల ఆదరణతో నడిచే పత్రికకు ఆ మాటలు అంత సులువుగా నోట రావు. 1947లో గోలకొండ దినపత్రిక అయింది. ప్రతాపరెడ్డి మాత్రం 1951లో ప్రజావాణి అనే మరో పత్రిక మొదలుపెట్టారు. 25 ఏళ్ల కిందట తాను ప్రాణం పోసిన పత్రిక ఊళ్లోనే వస్తుండగా ఇంకొక పత్రికకు మళ్లీ మొదటి సంచిక నుంచి పనిచేయడం ఎలాంటి అనుభవమో ఊహించుకుంటే మనసు కలుక్కుమంటుంది. 1952లో వనపర్తి నుంచి శాసనసభకు గెలిచారు, 1953 ఆగస్టు 25న కన్నుమూశారు. ఆయన రాసిన ఆంధ్రుల సాంఘిక చరిత్రకు తెలుగులో తొలి కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం 1955లో వచ్చింది, తీసుకోవడానికి ఆయన లేరు. 2025లో తెలుగు విశ్వవిద్యాలయానికి ఆయన పేరు పెడుతూ తెలంగాణ శాసనసభ బిల్లు ఆమోదించింది.

బొంబాయిలో కూడా ఇలాంటిదే జరిగింది. 1949లో మొదలైన ఎకనమిక్ వీక్లీని సచిన్ చౌధురి కంటికి రెప్పలా పెంచారు. యజమానులతో పొసగక బయటికొచ్చి, మిత్రుల సాయంతో 1966 ఆగస్టులో ఎకనమిక్ అండ్ పొలిటికల్ వీక్లీ ప్రారంభించారు. ఈసారి యాజమాన్యం ఎవరి చేతిలోనూ పెట్టకుండా సమీక్షా ట్రస్టు పేరు మీద పెట్టారు. ఆ ఏడాది చివర్లోనే ఆయన పోయారు, పత్రిక ఉంది. ఇంగ్లండులో మాంచెస్టర్ గార్డియన్ కుటుంబం 1936లో తమ వాటాలు స్కాట్ ట్రస్టుకు రాసిచ్చింది కూడా ఈ భయంతోనే, మనిషి పోతే పత్రిక పోకూడదని. మన దగ్గర కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారు 1908లో బొంబాయిలో ఆంధ్రపత్రికను వారపత్రికగా పెట్టినప్పుడు, దానికి నీరు పోసింది ఆయన అమృతాంజనం వ్యాపారమే. యజమానీ సంపాదకుడూ ఒక్కరే అయితే ఒక సుఖం ఉంది: ఆయనకు నచ్చింది ఆయన రాయవచ్చు. ప్రతాపరెడ్డికి అమృతాంజనం లేదు. ఆయన చుట్టూ ఒక ట్రస్టు కట్టాలన్న ఆలోచన ఎవరికైనా వచ్చి ఉంటే తెలంగాణ పత్రికల చరిత్ర ఇంకోలా ఉండేదని నేను గట్టిగా నమ్ముతాను.

ఇదంతా క్యాంపస్‌లో కూర్చుని చెప్పడానికి ఇంకో కారణం ఉంది. ప్రతాపరెడ్డి తర్వాతి కాలంలో గోలకొండ పత్రిక సంపాదకత్వం వహించిన నూకల నరోత్తమరెడ్డి, ఆ పత్రిక 1960లలో ఆగిపోయాక, 1970లలో ఇదే ఉస్మానియాకు వైస్ ఛాన్సలర్‌గా వచ్చారు. ఉర్దూలో పాఠాలు చెప్పుకున్న రోజుల్లో తెలుగు కోసం బయట కొట్లాడిన పత్రిక సంపాదకుడు చివరికి ఆ విశ్వవిద్యాలయం పగ్గాలు పట్టాడు. పరిపాలనా భవనం మీదుగా తార్నాక దారి పట్టినప్పుడు ఈ సంగతే తలచుకుంటూ నడిచాను.

తార్నాక చౌరస్తాలో మెట్రో వంతెన ఆకాశాన్ని రెండుగా కోసేసింది. 2017 నవంబరులో నాగోల్ నుంచి అమీర్‌పేట దాకా రైలు మొదలైనప్పటి నుంచి ఇక్కడి ఫుట్‌పాత్ అంతా స్తంభాల నీడలోనే. నెంబర్లే పేర్లయిన వీధులు, హాస్టళ్లు, జిరాక్సు దుకాణాలు, టిఫిన్ బండ్లు. ఒక దుకాణం ముందు తాడుకు పత్రికలు వేలాడుతున్నాయి.

"అన్నా, మన తార్నాక పేపర్ ఏదన్న వస్తదా?"

దుకాణదారుడు ఒక్క క్షణం నా మొహం చూశాడు. "ఇక్కడ అమ్మరు సార్. ఉత్తగనే ఇండ్లల్ల ఏసి పోతరు. ఇంతకుముందు ఒక పెద్దాయ్న తెచ్చి ఇక్కడ కూడ పెట్టెటోడు. ఆయ్ననే రాస్తడు, ఆయ్ననే అడ్వర్‌టేజ్‌మెంట్లు అడుగుతడు, ఆయ్ననే స్కూటర్ మీద ఏసుకొస్తడు. కరోనా తర్వాత కనవడలే."

ఆ పెద్దాయన పేరు నేను అడగలేదు. ఇనుగుర్తి అన్నదమ్ములు వందేళ్ల కింద చేసిన పనే ఆయన స్కూటర్ మీద చేశాడు. కాలనీ వారపత్రిక అంటే డ్రైనేజీ, వీధిదీపాలు, పార్కు కబ్జా, గుడి ఉత్సవం, ట్యూషన్ ప్రకటన, టూలెట్ ప్రకటన. మున్సిపల్ అధికారి చదివే పత్రిక కూడా అదే, ఎందుకంటే తన పేరు పడేది అందులోనే. పార్కు కబ్జా చేసినవాడే పత్రికకు సగం పేజీ ప్రకటన ఇచ్చేవాడైతే ఆ వారం పార్కు వార్త ఉంటుందా? జవాబు ఆ పెద్దాయన గుండె బలం మీద, ఆయన ఇంటి అద్దె మీద ఆధారపడి ఉంటుంది.

యజమాని ఎవరో పాఠకుడికి చెప్పాలని చట్టం ఏనాడో అనుకుంది. బ్రిటిష్ కాలపు 1867 చట్టం ముద్రించినవారి పేరు, చోటు ప్రతి కాగితం మీద ఉండాలంది. ఆ పేరు పాఠకుడి కోసం కాదు, పోలీసు కోసం. స్వాతంత్ర్యం వచ్చాక మొదటి ప్రెస్ కమిషన్ పట్టుబట్టడంతో 1956లో పత్రికల రిజిస్ట్రారు కార్యాలయం ఏర్పడింది. ఏటా ఫిబ్రవరి ముగిశాక వచ్చే మొదటి సంచికలో ప్రతి పత్రికా తన వివరాలు ప్రకటించాలని నియమం పెట్టారు: ఎక్కడ అచ్చవుతుంది, ఎన్నాళ్లకొకసారి వస్తుంది, ముద్రాపకుడు, ప్రచురణకర్త, సంపాదకుడు ఎవరు, పెట్టుబడిలో నూటికి ఒక వంతు మించి వాటా ఉన్నవాళ్లెవరు. అదే ఫారం 4. చిన్నప్పుడు చందమామ మార్చి సంచికలో బొమ్మల మధ్య ఎక్కడో సన్నటి అక్షరాల్లో ఈ ప్రకటన ఉండేది. మనం దాన్ని దాటేసి బేతాళ కథకు పోయేవాళ్లం. పాత వారపత్రికల సంపుటాలు తిరగేసే వాళ్లకు ఆ సన్నటి అక్షరాలే బంగారం. ఏ ఏడు వాటాదారు పేరు మారిందో చూస్తే, ఆ ఏడు సంపాదకీయం గొంతు ఎందుకు మారిందో తెలుస్తుంది.

1867 చట్టం పోయింది. 2023లో చేసిన కొత్త చట్టం 2024 మార్చి 1 నుంచి అమల్లోకి వచ్చింది. పేరు కోసం ఒకసారి, రిజిస్ట్రేషన్ కోసం ఇంకోసారి తిరిగే పని లేకుండా అంతా ఆన్‌లైన్‌లోనే. చిన్న పొరపాట్లకు జైలు శిక్ష వేసే పాత కట్టుబాట్లు చాలావరకు తొలగించారు. స్కూటర్ మీద పత్రిక వేసే మనిషికి ఇది మేలే. కానీ ప్రకటన ఇచ్చేది ఎవరు, అప్పు ఇచ్చింది ఎవరు అన్నది ఏ ఫారంలోనూ పూర్తిగా పట్టదు. కొత్వాలు గారి నీడకు ఫారం 4లో గడి లేదు.

తార్నాకలోనే రాష్ట్ర పురాభిలేఖల సంస్థ ఉంది. మామూలు సర్కారీ భవనంలా కనబడే దాని లోపల షాజహాన్, ఔరంగజేబు కాలపు దక్కను కాగితాలున్నాయి, ఆసఫ్‌జాహీల దఫ్తర్లు ఉన్నాయి. ఎక్కువ భాగం ఫార్సీ, ఉర్దూ. మొఘల్ సైన్యంలో ఏ గుర్రానికి ఏ వాత వేశారో చెప్పే కాగితం ఇక్కడ భద్రంగా ఉంది. సంస్థానం చివరి దశాబ్దాల్లో ఏ శాఖ ఏ పత్రికను అనుమానించిందో, ఏ సభకు ఎందుకు అనుమతి నిరాకరించిందో చెప్పే దస్త్రాలను చూడాలన్నా ఇక్కడికే రావాలి. ప్రభుత్వం పత్రికల మీద రాసుకున్నది మిగిలింది. గోలకొండ పత్రిక పాత సంచికలు చాలావరకు ప్రెస్ అకాడమీ స్కాన్ చేయించడంతో ఇంట్లో కూర్చునైనా చదువుకోవచ్చు. ఆ పని చేసినవాళ్లకు తెలుగువాళ్లందరూ రుణపడి ఉండాలి.

మిగలనివి పత్రికల సొంత కాగితాలు. చందా రశీదులు, వీపీపీ పుస్తకాలు, కాగితం కొన్న బిల్లులు, వాటాదారుల ఒప్పందాలు, కంపోజిటర్ల జీతాల పట్టీ, బాకీ తీర్చమని ఊళ్లలోని ఏజెంటుకు రాసిన కార్డులు. ప్రెస్సు మూతపడ్డ రోజున వీటినే మొదట తూకానికి వేస్తారు. గుర్రం వాతకున్న భాగ్యం తెలుగు వారపత్రిక చందా పుస్తకానికి లేదు. రీడింగ్ రూములో పనిచేస్తున్న ఒక ఉద్యోగిని ఇదే అడిగితే, "ఎవలన్న తెచ్చిస్తె తీస్కుంటం సార్, ఎవలు తేరు," అన్నారు.

వెంకటగిరి జమీందారీ రైతుల పోరాటంలోంచి పుట్టిన నెల్లూరు జమీన్ రైతు లాంటి వారపత్రిక దశాబ్దాలు దాటి నిలబడిందంటే అది వ్యవహారాన్ని తరాల మధ్య చేతులు మార్చుకోవడం వల్లనే. అలా చేతులు మారకుండా ఆగిపోయిన పత్రికలు ప్రతి తాలూకాలో ఉన్నాయి. నల్లగొండలో, ఖమ్మంలో, పాలమూరులో, వరంగల్‌లో ఒకప్పుడు వారపత్రిక నడిపిన తాతలు, తండ్రులు ఉన్న ఇళ్లలో అటక మీద ఇనుప పెట్టెల్లో ఇంకా కొన్ని సంపుటాలు, కొన్ని లెక్కపుస్తకాలు ఉండి తీరాలి. ఇల్లు అపార్టుమెంటుకు ఇచ్చేముందు వాటిని తార్నాకకు పట్టుకురండి. తార్నాక దూరమైతే బాగ్‌లింగంపల్లిలో సుందరయ్య విజ్ఞాన కేంద్రం ఉంది, సుల్తాన్‌బజార్‌లో 1901 నుంచి శ్రీకృష్ణదేవరాయ భాషానిలయం ఉంది. సంచికలే కాకుండా లెక్కపుస్తకాలు కూడా ఇవ్వండి. ఎవరెవరు ఎంత చందా కట్టారో, ఎవరు బాకీ పడ్డారో, ఏ నెలలో కాగితానికి డబ్బు చాలలేదో వాటిలోనే ఉంటుంది.